డోర్నకల్ తండ్రిగారు

మా నల్లగొండ, పాలమూరు పల్లెల్లో చర్చి అంటే ఎక్కువగా బాప్టిస్టులది, కాకుంటే మెన్నోనైట్లది. 1885లో పాలమూరుకు అమెరికన్ బాప్టిస్టు ఎల్బర్ట్ చూట్ వచ్చాడు. 1890లో రష్యా మెన్నోనైటు అబ్రహాం ఫ్రీసెన్ నల్లగొండ చేరాడు. వీళ్ల పద్ధతిలో బిషప్ ఉండడు. క్యాథలిక్కులకు నల్లగొండలో బిషప్ వచ్చింది కూడా 1976లోనే. చూట్, ఫ్రీసెన్‌ల రోజుల్లో ప్రొటెస్టెంటు మిషన్లు ఒకరి జాగాలో ఒకరు కాలు పెట్టకుండా తాలూకాలు పంచుకునేవి. నిజాం రాజ్యంలో ఆంగ్లికన్ల (ఇంగ్లండు చర్చి వాళ్ల) పని మాకు తూర్పున, ఖమ్మం–డోర్నకల్ వైపు సాగింది.

ఆ డోర్నకల్ బిషప్ గురించే ఈ మాట. నేను చరిత్ర పాఠాలు చెప్పినవాణ్ణి. మొదటి భారతీయ ఆంగ్లికన్ బిషప్ ఎవరని అడిగితే క్విజ్‌లో ఆరితేరిన పిల్లలు ‘వి.ఎస్. అజరయ్య’ అని టక్కున చెప్పేవాళ్లు. ఆయన ఏం చేశాడంటే నోరు మెదిపేవాళ్లు కాదు. తప్పు పిల్లలది కాదు, మన పుస్తకాలూ ‘మొదటి’ అన్న మాట దగ్గరే ఆగిపోయాయి.

వేదనాయగం శామ్యూల్ అజరయ్య 1874లో తిరునల్వేలి సీమలోని వెళ్లాలన్‌విళైలో పుట్టాడు. నాడార్ కుటుంబం. తండ్రి పల్లెటూరి పాదిరి. మద్రాసు క్రిస్టియన్ కాలేజీలో చదివాడు గానీ జబ్బు చేసి డిగ్రీ చేతికి రాలేదు. వైఎంసీఏ కార్యదర్శిగా దక్షిణాదంతా తిరిగాడు. విదేశీ డబ్బు లేకుండా మనవాళ్లే సేవ చేయాలని 1903లో తిరునల్వేలి మిత్రులతో ఇండియన్ మిషనరీ సొసైటీ పెట్టాడు. ఆ సొసైటీ ఎంచుకున్న చోటు డోర్నకల్. సింగరేణి బొగ్గు కోసం ఇల్లందుకు రైలు చీలే జంక్షన్ అది. మంచి ఉద్యోగం వదిలి 1909లో పాదిరి పట్టం తీసుకొని, ముప్పై అయిదేళ్ల వయసులో తెలుగు అక్షరాలు దిద్దుకుంటూ ఆయన అక్కడికి వచ్చాడు. తొలి రోజులు డేరాలోనే గడిచాయి.

మరుసటి ఏడు ఎడిన్‌బరోలో ప్రపంచ మిషనరీ మహాసభ జరిగింది. మీరు మాకు ఆస్తులిచ్చారు, ప్రాణాలూ ఇచ్చారు, స్నేహం మాత్రం ఇవ్వలేదు అనే అర్థంలో దొరల ముఖం మీదే మాట్లాడాడు. సభలో కొందరికి అది మింగుడుపడలేదు. అయినా మద్రాసు బిషప్ హెన్రీ వైట్‌హెడ్ పట్టుబట్టి, 1912 డిసెంబరు 29న కలకత్తా సెయింట్ పాల్స్ కతీడ్రల్‌లో ఆయనకు డోర్నకల్ బిషప్‌గా అభిషేకం జరిపించాడు. నల్లవాడి కింద పనిచేయలేమన్న తెల్లవాళ్లూ, నాడారు బిషపేమిటన్న పైకులాల క్రైస్తవులూ ఉన్నారు. అందుకే మొదట ఇచ్చిన అధ్యక్ష మండలం (బిషప్ కింద ఉండే ప్రాంతం) చిన్నది. 1920ల్లో కోస్తా ఆంగ్లికన్ ప్రాంతాలు కలిసి అది పెరిగింది.

నా లెక్కలో ఆయన అసలు పని ఈ పదవి కాదు. జీతగాళ్లుగా, వెట్టి కింద బతికే మాల మాదిగలతో సొంత సంఘాలు నిలబెట్టించడం. ఎద్దుల బండి మీద, సైకిలు మీద పల్లెపల్లెకూ పోయేవాడు. జనం ఆయన్ను తండ్రిగారు అనేవాళ్లు. పల్లె సంఘాలు నడిపే ఉపదేశులకు శిక్షణ ఇచ్చేటప్పుడు వాళ్ల భార్యలకూ చదువు చెప్పించేవాళ్లు. బాప్తిస్మం పొందినవాళ్లు తమ తల మీద తామే చెయ్యి పెట్టుకొని, సువార్త చెప్పకపోతే నాకు శ్రమ అని ప్రమాణం చేసేవాళ్లు. డబ్బు లేని ఇళ్లలో ఆడవాళ్లు ఎసరులో బియ్యం పోసేముందు పిడికెడు తీసి వేరే కుండలో వేసేవాళ్లు. అది సంఘం పాలు. తిండికే కటకటలాడే ఇల్లు కూడా చర్చికి ఇచ్చే ఇల్లయింది. పుచ్చుకునే చెయ్యి ఇచ్చే చెయ్యి కావడం ఆ వాడల్లో చిన్న మార్పు కాదు.

1939 జనవరి 6న ప్రతిష్ఠ జరిగిన ఎపిఫనీ కతీడ్రల్ దగ్గర నిలబడి చూడండి. పైన మసీదును తలపించే మినార్లు, గుమ్మటాలు. లోపల గుడి మంటపంలా రాతి స్తంభాలు, వాటి మీద తామర, అరటిపువ్వు చెక్కడాలు. ఇంగ్లండు నమూనా తెచ్చి ఇక్కడ దించలేదు, ఈ నేల మీది మూడు మతాల పనితనమూ కలిపారు.

ఆయనతో పేచీ పడ్డవాళ్లూ ఉన్నారు. 1930ల్లో గాంధీజీ సామూహిక మతమార్పిళ్లను గట్టిగా తప్పుబట్టారు. అజరయ్య వెనక్కి తగ్గలేదు. అట్లాగని ఆయన్ను దొరల మనిషి అనడానికీ వీల్లేదు. క్రైస్తవులకు ప్రత్యేక నియోజకవర్గాలు వద్దన్నవాడు ఆయన. డిగ్రీ లేని ఆయనకు 1920లో కేంబ్రిడ్జి గౌరవ డాక్టరేటు ఇస్తే, దాన్ని పట్టుకొని తిరిగి వచ్చింది మళ్లీ డోర్నకల్ దుమ్ములోకే.

1945 జనవరి 1న డోర్నకల్‌లోనే కన్నుమూశాడు. ఏళ్ల తరబడి ఆయన పాటుపడిన చర్చిల ఐక్యత 1947 సెప్టెంబరు 27న దక్షిణ ఇండియా సంఘంగా రూపు కట్టింది.

తెలంగాణ చరిత్రలో ఆయనకొక పేజీ ఇవ్వాలంటే పెద్దవాళ్ల పేర్లు చాలవు. ఆ పల్లెల ఉపదేశుల పేర్లూ కావాలి. మీ ఇంట్లో తాతలనాటి బాప్తిస్మ పత్రమో, బడి రిజిస్టరో, సంఘం పద్దు పుస్తకమో ఉంటే చెదలు పట్టకముందే ఫొటో తీసి దాచండి.