వెండితెర విడిచిన రొసెల్లీని

1661 మార్చి నెల. పారిస్ నగరం చెంత వాన్సేన్ కోటలో ఫ్రాన్సు ప్రధానమంత్రి కార్డినల్ మజరాన్ అవసానదశలో ఉన్నాడు. వైద్యులు మంచం చుట్టూ చేరినారు. ఒకరు మూత్రపాత్రను తెప్పించి వాసన చూస్తారు. రక్తం తీయవలెనని నిశ్చయం జరుగుతుంది. ఇదంతా తెరపై తొందర లేకుండా, చాలసేపు నడుస్తుంది.

ఈ చిత్రం పేరు 'పదునాల్గవ లూయీ అధికార స్వీకారం'. 1966లో ఫ్రెంచి టెలివిజన్ కొరకు దీనిని తీసినవాడు ఇటలీ దేశీయుడు రొబెర్టో రొసెల్లీని. యుద్ధానంతర సినిమాకు క్రొత్త దారి చూపినవాడని లోకం కొనియాడిన దర్శకుడు, అరువదియేండ్ల వయస్సున, ఇంటిలో కూర్చుండి చూచే కుటుంబాల కొరకు ఒక రోగి పడకగదిని ఇంత ఓపికగా చిత్రించటానికి ఎందుకు పూనుకొన్నాడు?

రొసెల్లీని 1906లో రోమ్ నగరంలో జన్మించినాడు. తండ్రి భవన నిర్మాణం చేయించేవాడు. ఆయన కట్టించిన వానిలో ఒక సినిమాశాల కూడ ఉన్నది. కుమారునికి సినిమా అట్లు ఇంటి విద్యయే అయినది. 1941లో ముస్సోలినీ కాలపు నౌకాదళం అండతో 'తెల్లని ఓడ' అనే చిత్రం తీసినాడు. ఆ ధోరణిలోనే మరి రెండు యుద్ధచిత్రాలు వచ్చినవి. ఆయన అభిమానులు ఈ ఘట్టాన్ని వడివడిగా దాటిపోతారు. మనం దాటనక్కరలేదు. ప్రేక్షకుని హృదయాన్ని కదిలించే బొమ్మ ఎవరి చేతిలోనైనా పనిముట్టు కాగలదని ఆయన స్వానుభవంతో ఎరిగినవాడు.

1944 జూన్‌లో జర్మన్ సేనలు రోమ్ విడిచినవి. మరుసటి యేడు, ఫిల్ము దొరకటమే దుర్లభమైన దినాలలో, ఆ వీధులలోనే 'రోమ్, రక్షణలేని నగరం' తయారయినది. తన వరుని ఎక్కించుకొనిపోతున్న లారీ వెంట అన్నా మన్యానీ పరుగెత్తి తుపాకి దెబ్బకు కూలిపోయే దృశ్యం చూచినవారు మరువలేదు. 1948 నాటి 'జర్మనీ, శూన్యసంవత్సరం' బెర్లిన్ శిథిలాల నడుమ తిరిగే ఒక బాలుని కథ. దానిని ఆయన 1946లో మరణించిన తన కుమారునికి అంకితమిచ్చినాడు. పిదప ఇంగ్రిడ్ బెర్గ్‌మన్‌తో తీసిన చిత్రాలను విమర్శకులలో కొందరు నెత్తిన పెట్టుకొన్నారు; జనం మాత్రం రాలేదు.

1956 చివర ఆయన మన దేశానికి వచ్చి, మరుసటి సంవత్సరంలో అధికభాగం ఇక్కడనే గడపినాడు. పత్రికలు ఆయన కెమెరా కంటె ఆయన సొంత వ్యవహారాలపైననే ఎక్కువ కన్ను వేసినవి. అది వేరు సంగతి. ఏనుగులు, మావటీలు, హీరాకుడ్ ఆనకట్టపై పనిచేసే కూలి, యజమాని మరణించగా దిక్కులేనిదైన కోతి — ఇవి ఆయన 'ఇండియా' చిత్రంలోని పాత్రలు. అదే యాత్ర నుండి 1959లో ఇటలీ టెలివిజన్ పది భాగాల పరంపరను ప్రసారం చేసినది. టెలివిజన్‌తో ఆయన చెలిమికి అది నాంది. ఆ యేడే 'జనరల్ దెల్లా రొవెరె' వెనిస్‌లో స్వర్ణసింహాన్ని మరొక చిత్రంతో కలిసి పంచుకొన్నది. కీర్తి తిరిగి వచ్చినది. వచ్చిన కొలదికాలానికే ఆయన సినిమా మరణించినదని బహిరంగంగా ప్రకటించినాడు! తోటివారు అపహాస్యం చేసిన ఆ చిన్న తెరయే, మానవుడు తన్ను తాను తెలిసికొనటానికి తగిన పాఠశాల అని ఆయన నమ్మకం.

ఆ నమ్మకానికి గీటురాయి లూయీ చిత్రమే. ఇందులో యుద్ధాలు లేవు. మంత్రి మరణించగానే యువరాజు కాని యువకుడైన రాజు, ఇక తానే పాలింతునంటాడు, ఎవరూ నమ్మరు. ఆర్థికమంత్రి ఫుకేను నాంత్‌లో బంధిస్తారు. అసలు విజయం దర్జీ చేతిలో ఉన్నది. నాడాలు, లేసులు, ఈకలు రోజురోజుకు పెరిగి, దొరలు ఆ దుస్తుల ఖర్చుకే అప్పులపాలై రాజు దయకు చేయిచాపవలసి వస్తుంది. రాజు భోజనం చేస్తుంటే ఆస్థానమంతా నిలుచుండి చూస్తుంది. అధికారమనగా ఏమో ఒక ఉపన్యాసం లేకుండా అర్థమవుతుంది.

రాజు వేషధారి వృత్తి నటుడు కాడు, కార్యాలయోద్యోగి. మాటలు జ్ఞాపకముండక, కెమెరా ప్రక్కన బోర్డులపై వ్రాయించినవి చదివినాడు. ఎదుటివాని ముఖం చూడని ఆ చూపే తెరపై రాజసమై కూర్చున్నది. అది లోపమో, అదృష్టమో ప్రేక్షకునికి తోచదు.

తరువాత అపొస్తలులు, సోక్రటీసు, పాస్కల్, అగస్టీను, మెదీచీ వంశపు కోసిమో, దెకార్తు వరుసగా చిన్నతెరకు వచ్చినారు. సొమ్ము స్వల్పం. 'సోక్రటీసు' స్పెయిన్ పల్లెలో తయారైనది. దూరాన్ని దగ్గరకు లాగే కటకాన్ని తానే నడుపుతూ, దీర్ఘమైన దృశ్యాలను ఒక్క ఊపున తీసేవాడు. అన్నీ లూయీ చిత్రమంత సజీవమైనవని నేననను. దెకార్తు చిత్రంలో సంభాషణ చర్చాసభ వలె సాగి విసుగు పుట్టిస్తుంది. అయినను పాస్కల్ గణితయంత్రాన్ని బల్లపై పెట్టి వివరించే ఘట్టంలో, ఒక ఆలోచన లోహమై చక్రాలై తిరగటం చూస్తాము.

1977 మే నెలలో కాన్ చిత్రోత్సవ న్యాయనిర్ణేతలకు ఆయన అధ్యక్షుడు. ప్రథమ బహుమతి తవియానీ సోదరుల 'పాద్రే పద్రోనే'కు లభించినది. అది ఇటలీ టెలివిజన్ నిర్మించిన చిత్రం. కొలది దినాలకే, జూన్ 3వ తేదీన, రొసెల్లీని రోమ్‌లో గుండెపోటుతో మరణించినాడు.