ఎస్. గోపాలరెడ్డి (ఛాయాగ్రాహకుడు)

ఎస్. గోపాలరెడ్డి తెలుగు చలనచిత్ర ఛాయాగ్రాహకుడు, దర్శకుడు. జంధ్యాల తీసిన 'ఆనందభైరవి' (1983), 'శ్రీవారికి ప్రేమలేఖ' (1984) చిత్రాలకు ఛాయాగ్రహణం నిర్వహించిన ఈయనకు 'శివ' (1989) విశేషమైన పేరు తెచ్చింది.

హైదరాబాదు అమీర్‌పేటలో వీడియో క్యాసెట్ల దుకాణం నడిపిన సివిల్ ఇంజనీరింగు పట్టభద్రుడు రామ్‌గోపాల్ వర్మ తన తొలి చిత్రం 'శివ'ను అన్నపూర్ణ స్టూడియోస్ పతాకంపై తీసినప్పుడు, దాని ఛాయాగ్రహణ బాధ్యత గోపాలరెడ్డి చేతికి వచ్చింది.

స్టెడీక్యామ్‌ను విస్తృతంగా వాడిన తొలి తెలుగు చిత్రంగా 'శివ'ను చెబుతారు. గారెట్ బ్రౌన్ 1970వ దశకంలో రూపొందించిన ఈ సాధనంలో, కెమెరా ఒక స్ప్రింగు చేతికి అమరి, ఆ చేయి ఆపరేటరు ధరించిన కవచానికి బిగించి ఉంటుంది కనుక, అతడు పరుగెత్తినా దృశ్యం కుదుపులకు లోనుకాదు. పట్టాలపై కెమెరాను నెట్టే ట్రాలీ పోలేని మెట్లకూ సందులకూ ఇది చేరగలదు. కథానాయకుడు అన్న కూతురిని సైకిలు మీద ఎక్కించుకుని పారిపోతుండగా రౌడీలు తరిమే ఘట్టంలో ప్రేక్షకుడు దూరాన నిలబడి చూడక వారితోపాటు పరుగెత్తుతాడు. ఇలాంటి చిత్రీకరణకు వచ్చిన ఖ్యాతిలో సింహభాగం దర్శకుడికే దక్కడం పరిపాటి. అయితే కెమెరా అన్ని దిక్కులకూ తిరిగేచోట దీపాల స్టాండ్లు దృశ్యంలో పడే ప్రమాదం ఉండడం వల్ల, కాంతిని కిటికీల నుంచీ పైకప్పు నుంచీ ముందే ఏర్పాటు చేసుకోవలసి వస్తుంది. అది పూర్తిగా ఛాయాగ్రాహకుడి పని. ముఖాలను సమంగా వెలిగించే అలవాటు బలంగా ఉన్న కాలంలో, ప్రతినాయకుడు భవాని చుట్టూ నీడలను నీడలుగానే వదిలేయడం మెచ్చదగిన నిగ్రహం.

వర్మతోనే చేసిన 'క్షణక్షణం' (1991) అడవి దారుల వెంట నడుస్తుంది. తరువాతి కాలపు చిత్రాలలో శోభన్ దర్శకత్వం వహించిన 'వర్షం' (2004) పేర్కొనదగినది. వాన చినుకు కెమెరాకు స్పష్టంగా కనిపించాలంటే దాని వెనుక నుంచి వెలుతురు పడాలి. వానే ఇతివృత్తమైన ఈ చిత్రంలో ఆ కౌశలానికి పూర్తి అవకాశం లభించింది. అదే సంవత్సరం రవితేజ కథానాయకుడిగా 'నా ఆటోగ్రాఫ్'కు గోపాలరెడ్డి దర్శకత్వం వహించారు. ఇది చేరన్ తమిళంలో తీసిన 'ఆటోగ్రాఫ్'కు పునర్నిర్మాణం.

'శివ' చిత్రాన్ని 4కె స్పష్టతతో పునరుద్ధరించి 2025 నవంబరులో తిరిగి విడుదల చేశారు.