మన జీడిపండు తోటలోనే ఎందుకు కుళ్లిపోతోంది?

మందులో ఊరబెట్టిన పండ్ల ముక్కలు ఐస్‌క్రీమ్ మీద వేసుకునే రీల్స్ చూస్తుంటారు కదా. దానికి సరిపోయే పండు మన ఉద్దానంలోనే ఉంది. జీడిమామిడి పండు.

అసలు ఇది మన చెట్టు కాదు. 16వ శతాబ్దంలో పోర్చుగీసు వాళ్లు బ్రెజిల్ నుంచి గోవాకి తెచ్చారు. అక్కడోళ్లు పండుని తొక్కి, రసం పులియబెట్టి, ఒకసారి కాచి ఉర్రాక్, మళ్లీ కాచి ఫెని తీశారు. 2009లో ఫెనికి జీఐ గుర్తింపు కూడా వచ్చింది.

మరి మన దగ్గర? పలాస అంటే జీడిపప్పే. గింజ తీసుకున్నాక పండు చాలావరకు తోటలోనే కుళ్లిపోతుంది. ఒకటి రెండు రోజులు కూడా నిలవ ఉండదు, పైగా వగరు, గొంతు పట్టేస్తుంది. కాద్దామంటే చట్టం ఊరుకోదు. 1995లో ఎన్టీఆర్ పెట్టిన మద్యనిషేధం 1997లో సడలింది గానీ, లైసెన్స్ లేకుండా బట్టీ పెడితే ఇప్పటికీ కేసే.

2018 అక్టోబర్ 11న తిత్లీ తుపాను పలాస దగ్గరే తీరం దాటి జీడితోటల్ని పడగొట్టేసింది. మళ్లీ నాటిన మొక్క కాపుకి రావాలంటే ఏళ్లు పడుతుంది. అంత కష్టపడి పెంచిన చెట్టు నుంచి మనం గింజ ఒక్కటే లెక్కేసుకుంటున్నాం. బరువు చూస్తే గింజ కంటే పండే చాలా ఎక్కువ!

ఇంట్లో ట్రై చేస్తారా? ముక్కలు కోసి, ఉప్పునీళ్లలో కాసేపు ఉంచి కడగండి, వగరు తగ్గుతుంది. పంచదార చల్లి ఫ్రిజ్‌లో రెండు గంటలు పెట్టండి. పెద్దవాళ్లకైతే షాపులో కొన్న రమ్ము రెండు చెంచాలు. పిల్లలకి నిమ్మరసం చాలు.