మోకరిల్లడం, మరికొన్ని శరీర భంగిమలు

మోకాళ్ళను నేలకు ఆనించి ఒంటి బరువులో ఎక్కువ భాగాన్ని వాటి మీద మోపడాన్ని మోకరిల్లడం అంటారు. ఇందులో నిలబడినంత ఎత్తూ ఉండదు, కూర్చున్నంత సుఖమూ దొరకదు. అయినా పొయ్యి ఊదడానికి, పిండి నూరడానికి, తుపాకీ గురిపెట్టడానికి, బిడ్డను కనడానికి, దేవుడి ముందూ దొర ముందూ తల వంచడానికి మనుషులు ఈ భంగిమనే ఎంచుకున్నారు.

మనిషి స్థిరంగా నిలవగల భంగిమలు వెయ్యి దాకా ఉంటాయని అమెరికా మానవశాస్త్రవేత్త గోర్డన్ హ్యూస్ 1950లలో అంచనా కట్టాడు. దేశదేశాల్లో జనం ఎలా కూర్చుంటారో, ఎలా నిలబడతారో ఏరికూర్చి పటాలు గీశాడు. మానవాళిలో కనీసం నాలుగోవంతు మంది కాళ్ళ అలసట తీర్చుకోవడానికి గొంతుక్కూర్చుంటారని తేల్చాడు. ఆఫ్రికాలో నైలు నది ఎగువన పశువులు కాసేవాళ్ళు ఒక పాదాన్ని రెండో కాలి మోకాలికి ఆనించి, చేతికర్ర ఊతంగా ఒంటికాలి మీద సేదదీరడం కూడా ఆయన పట్టికలో ఉంది. ఒళ్ళు ఎంత వంగుతుందన్నది ఎముకల పని. వంగగలిగిన వెయ్యి తీరుల్లో ఏ పదో పన్నెండో రోజూ వాడుకలో ఉండటానికి మాత్రం ఇంట్లో నేల, కట్టుకునే బట్ట, చేసే పని, పెద్దల మందలింపు కారణం.

మోకరింపులో రకాలు

తొడలు, నడుము, వీపు నిటారుగా ఉంచి మోకాళ్ళ మీద నిలవడం ఒక రకం. చర్చిలో ప్రార్థనకు మోకరించేది ఇలాగే. ఇందులో బరువంతా మోకాలి చిప్ప మీద, దాని కిందనున్న ఎముక గుబ్బ మీద పడుతుంది కాబట్టి గట్టి నేల మీద ఎక్కువసేపు ఉండలేరు. పిరుదులను మడమల మీదికి దించితే వజ్రాసనం. జపాన్‌లో సేజా అనే మర్యాద కూర్చోవడం ఇదే. తేనీటి వేడుకలో గంటసేపు అలా కూర్చుని, లేవబోయి తిమ్మిరెక్కిన కాళ్ళతో తూలడం అక్కడివాళ్ళకు మామూలే.

ఒక పాదం నేల మీద ఉంచి రెండో మోకాలిని మాత్రమే దించడం మూడో రకం. దీనికున్న గొప్ప సదుపాయం, ఒక్క ఊపులో లేవగలగడం. చైనాలో షియాన్ దగ్గర 1974లో బయటపడ్డ మట్టి సైన్యంలో విలుకాళ్ళు కొందరు ఇలా ఒక మోకాలు వంచి ఉన్నారు. ఎత్తు తక్కువ కావడం వల్ల నిలబడ్డ బొమ్మల కంటే వీళ్ళే తక్కువగా దెబ్బతిన్నారంటారు. 2024 పారిస్ ఒలింపిక్స్‌లో మన షూటర్ స్వప్నిల్ కుసాలే కంచు పతకం తెచ్చిన 50 మీటర్ల రైఫిల్ పోటీలో మూడు భంగిమలుంటాయి: మోకాలి మీద, బోర్లా పడుకుని, నిలబడి. మోకాలి మీద కాల్చేటప్పుడు కుడిచేతివాటం వాళ్ళు కుడి మడమ మీద కూర్చుంటారు, చీలమండ కింద చిన్న దిండులాంటి చుట్ట పెట్టుకుంటారు. తుపాకీ మోసే ఎడమ మోచేయి ఎడమ మోకాలి మీద ఆనుతుంది. అయితే ఎముక మీద ఎముక పెడితే జారుతుంది గనుక మోచేతి మొనకు కాస్త ఇవతలి కండను ఆనిస్తారు.

పనీ మోకాళ్ళూ

సిరియాలోని అబూ హురేరా అనే నవీన శిలాయుగపు ఊరిని ఆనకట్ట నీళ్ళలో మునిగిపోకముందే 1972-73లో తవ్వారు. అక్కడి అస్థిపంజరాలను థేయా మోలెసన్ అనే పరిశోధకురాలు పరీక్షించారు. కొన్నింటిలో కాలి బొటనవేలి కీళ్ళు అరిగిపోయి ఉన్నాయి, మోకాళ్ళూ నడుము పూసలూ దెబ్బతిని ఉన్నాయి. అవి ఎక్కువగా ఆడవాళ్ళవి. జీను ఆకారపు రాతి మీద గింజలు పోసి, మోకాళ్ళ మీద ఉండి, కాలివేళ్ళను నేలకు తన్నిపెట్టి, ఒళ్ళంతా ముందుకూ వెనక్కూ ఊగుతూ రోజూ గంటల తరబడి పిండి నూరడమే కారణమని 1994లో ఆమె రాశారు. ఊరు వదిలిపోయాక వేల ఏళ్ళకు ఆ చాకిరీ ఎముకల్లో దొరికింది.

మన తిరగలి ఈ బాధ తప్పించింది. రాయి గుండ్రంగా తిరుగుతుంది కనుక ఒంటిని ముందుకు తోయక్కర్లేదు. ఒక కాలు చాపుకుని, ఒకటి మడుచుకుని, కబుర్లాడుతూ విసరొచ్చు. కత్తిపీట మరో తెలివి. పీట మీద పాదం నొక్కిపెట్టి, ఆ మోకాలిని పైకి లేపి కూర్చుంటే కత్తి కదలదు, రెండు చేతులూ కూరగాయకే దక్కుతాయి. వంటింటి గట్టు వచ్చాక నిలబడి చాకుతో తరగడం మొదలైంది, అప్పటినుంచి కాయను పట్టుకోవడానికే ఒక చెయ్యి పోతోంది. మంగళగిరి, పోచంపల్లి నేతగాళ్ళ గుంట మగ్గం ఇంకా చిత్రం. నేలనే తవ్వి కాళ్ళు గుంటలోకి దించి, నేల మట్టాన కూర్చుని కింద తొక్కుడుకర్రలు తొక్కుతారు. కుర్చీ చేయకుండానే కుర్చీలో కూర్చున్న భంగిమ వచ్చేసింది.

మోకాళ్ళ మీద పనిచేసేవాళ్ళకు చిప్ప ముందున్న మెత్తని ద్రవపు సంచి వాచడం పాత జబ్బు. నేల తుడిచే పనిమనుషుల పేరు మీద ఇంగ్లీషులో దానికి వాడుక పేరు కూడా ఏర్పడింది. ఇప్పుడు మన దగ్గర టైల్స్ పరిచే మేస్త్రీలకు ఇది వస్తోంది. మోకాళ్ళకు మెత్తలు కట్టుకుంటే చాలావరకు తప్పుతుంది.

గొంతుక్కూర్చోవడం

మడమలతో సహా పాదాలు పూర్తిగా నేలకు ఆనించి, పిరుదులు నేలకు తగలకుండా కూర్చోవడానికి చీలమండ బాగా వంగాలి. చిన్నపిల్లలందరికీ ఇది వచ్చు. పెద్దయ్యాక పోగొట్టుకోవడం తెలివితక్కువ అని ఫ్రెంచి పండితుడు మార్సెల్ మోస్ 1934లో శరీర అలవాట్ల మీద చేసిన ప్రసంగంలో అన్నాడు. మొదటి ప్రపంచయుద్ధంలో బురదలో ఆగినప్పుడు ఆస్ట్రేలియా సైనికులు మడమల మీద కూర్చుని సేదదీరేవాళ్ళని, ఫ్రెంచివాళ్ళకు అది చేతకాక నిలబడే ఉండాల్సి వచ్చిందని ఆయన స్వానుభవం. లాహోర్‌లో శరీర నిర్మాణశాస్త్రం బోధించిన హావెలాక్ చార్లెస్ 1893లో పంజాబీల కాలి ఎముకలను వర్ణించాడు. చీలమండ ముందుభాగంలో రెండు ఎముకలు ఒకదానికొకటి ఒత్తుకున్న చోట ఏర్పడే నున్నని మచ్చలను ఈ కూర్చునే అలవాటుకు గుర్తుగా చూపాడు. పురావస్తు తవ్వకాల్లో ఇప్పటికీ ఆ మచ్చల కోసం వెతుకుతారు.

టాంజానియాలో వేట, సేకరణ మీద బతికే హాద్జా ప్రజల గురించి 2020లో ఒక పరిశోధన వచ్చింది. వాళ్ళు కూడా పగలు దాదాపు పది గంటలు విశ్రాంతిగానే గడుపుతారు. తేడా ఏమిటంటే అందులో కొంత గొంతుక్కూర్చునో మోకాళ్ళ మీద కూర్చునో సాగుతుంది, అప్పుడు కాలి కండరాలు కుర్చీలోలా పూర్తిగా నిద్రపోవు. మలవిసర్జనకూ ఈ భంగిమే అనువు. పేగు చివర కొక్కెంలా పట్టి ఉంచే కండరం సడలి దారి తిన్ననవుతుంది. 2003లో ఇజ్రాయెల్ వైద్యుడు దోవ్ సికిరోవ్ 28 మందితో పోల్చి చూసి, కమోడ్ కంటే ఇందులో సమయమూ ముక్కుడూ తక్కువని నమోదు చేశాడు.

అతి మాత్రం మంచిది కాదు. గంటల తరబడి అలాగే కూర్చుని కాయలు కోసే కూలీలకు మోకాలి వెలుపలి పక్కన వెళ్ళే నరం నలిగి పాదం వేలాడిపోవడం వైద్యులకు తెలిసిన సంగతే. ఏళ్ళకేళ్ళు ఇలా పనిచేస్తే మోకాలి కీళ్ళ అరుగుదల కూడా పెరుగుతుంది.

కాన్పులో మోకాళ్ళ మీద ఉండటం చాలా పాతది. ప్రాచీన ఈజిప్టు స్త్రీలు రెండు ఇటుకల మీద గొంతుక్కూర్చునో మోకరిల్లో ప్రసవించేవారు. బొమ్మలు వేసిన అలాంటి ఇటుక ఒకటి 2001లో అబిడోస్‌లో దొరికింది. వెల్లకిలా పడుకోబెట్టడం డాక్టరు సౌకర్యం కోసం వచ్చిన పద్ధతి. తల్లి తనకు నచ్చిన భంగిమ ఎంచుకునేలా ప్రోత్సహించాలని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2018లో సూచించింది.

దేవుడు, దొర, బడి

నమాజులో నిలబడటం, నడుం వంచడం, సజ్దా, కూర్చోవడం ఒక క్రమంలో సాగుతాయి. సజ్దాలో ముక్కుతో కలిపి నుదురు, రెండు అరచేతులు, రెండు మోకాళ్ళు, రెండు పాదాల వేళ్ళు – ఏడు భాగాలు నేలను తాకాలి. సాష్టాంగంలో మగవాళ్ళు బార్లా సాగిలపడతారు, ఆడవాళ్ళు మోకాళ్ళ మీద వంగి నమస్కరించడం ఆచారం. క్రైస్తవంలో మోకరింపు విడదీయరానిదిలా కనిపించినా, క్రీ.శ. 325 నాటి నైసియా మహాసభ ఆదివారాల్లో మోకరిల్లవద్దని, నిలబడే ప్రార్థించాలని తీర్మానించింది. అలా నిలబడటం పునరుత్థానపు సంతోషానికి గుర్తు, పశ్చాత్తాపానికి కాదు.

తిరుమలకు అలిపిరి నడకదారిలో మోకాళ్ళ పర్వతం వస్తుంది. పవిత్రమైన కొండను పాదాలతో తొక్కకూడదని రామానుజులు దాన్ని మోకాళ్ళతో ఎక్కారని ఐతిహ్యం. ఇప్పటికీ మొక్కుకున్నవాళ్ళు కొందరు ఆ మెట్లు మోకాళ్ళతోనే ఎక్కుతారు.

దేవుడికి చెల్లేది మనిషికి చెల్లుతుందా అన్నచోటే తగాదాలు వచ్చాయి. పారశీక రాజసభలో సాగిలపడటం మర్యాద, గ్రీకులకు అది దేవతలకు మాత్రమే. క్రీ.పూ. 327లో అలెగ్జాండర్ తనవాళ్ళ చేత కూడా చేయించబోతే చరిత్రకారుడు కలిస్థెనీస్ అడ్డుపడ్డాడు. 1793లో చైనా చక్రవర్తి కియాన్‌లాంగ్ దగ్గరికి వెళ్ళిన బ్రిటిష్ రాయబారి మెకార్ట్నీ, మూడుసార్లు మోకరిల్లి తొమ్మిదిసార్లు నేలకు నుదురు ఆనించే ఆచారానికి ఒప్పుకోలేదు. తన రాజుకు చేసినట్టే ఒక మోకాలు వంచి సరిపెట్టాడు. 1970 డిసెంబర్ 7న పశ్చిమ జర్మనీ అధినేత విల్లీ బ్రాంట్ ఎవరూ అడగకుండానే వార్సాలో యూదుల స్మారకం ముందు మోకరిల్లాడు. అప్పటి సర్వేలో 48 శాతం జర్మన్లు అది అతి అన్నారు, 41 శాతం సబబే అన్నారు. అమెరికా ఫుట్‌బాల్ ఆటగాడు కొలిన్ కేపర్నిక్ 2016లో జాతీయగీతం వేళ మొదట కూర్చునే నిరసన తెలిపాడు. చనిపోయిన సహచరుడి సమాధి ముందు సైనికులు మోకరిల్లుతారని ఒక మాజీ సైనికుడు చెప్పాక ఒక మోకాలు వంచడానికి మారాడు. ఆయన గౌరవం అనుకున్న భంగిమను చాలామంది ధిక్కారంగానే చూశారు.

మన బళ్ళలో ఎండలో మోకాళ్ళ మీద నిలబెట్టడం, గోడకుర్చీ, గుంజీలు పాత శిక్షలు. అదే గుంజీలు వినాయకుడి ముందు తీస్తే భక్తి. గోడకుర్చీని ఫిజియోథెరపిస్టులు తొడ కండరాలు గట్టిపడటానికి వేయిస్తారు. 2009 నాటి విద్యాహక్కు చట్టం పిల్లలకు శారీరక దండనను నిషేధించింది. అయినా అక్కడక్కడా ఆగలేదు.

పడుకోవడం, లేవడం

మనిషి సొంతంగా నేర్చే మొదటి భంగిమ మార్పు బోర్లాపడటం. తెలుగిళ్ళలో దానికి బొబ్బట్లు పంచుతారు, అడుగులు వేస్తే అరిసెలు. పసిబిడ్డను నిద్రపుచ్చేటప్పుడు మాత్రం వెల్లకిలానే పడుకోబెట్టాలి. 1994లో అమెరికాలో ఈ ప్రచారం మొదలయ్యాక నిద్రలో హఠాత్తుగా పోయే పసివాళ్ళ సంఖ్య సగానికి పడిపోయింది. ఊపిరితిత్తులు తీవ్రంగా దెబ్బతిన్న పెద్దవాళ్ళకు దీనికి విరుద్ధం. వెంటిలేటర్ మీదున్న రోగిని రోజుకు పదహారు గంటలు బోర్లా ఉంచితే బతికే అవకాశం పెరుగుతుందని 2013లో ఫ్రాన్స్ వైద్యులు చూపారు. కోవిడ్ వార్డుల్లో ఆ పద్ధతే వాడారు.

నేల మీద కూర్చుని చెయ్యి, మోకాలు ఆనించకుండా లేవగలగడాన్ని పది మార్కుల పరీక్షగా మార్చి బ్రెజిల్ వైద్యుడు క్లాడియో అరౌజో 51 నుంచి 80 ఏళ్ళ 2,002 మందికి పెట్టాడు. మార్కులు తగ్గినవాళ్ళలో తర్వాతి సంవత్సరాల్లో మరణాలు ఎక్కువగా కనిపించాయని 2012లో ప్రచురించాడు. మామూలు నడకకు మోకాలు 60 డిగ్రీలు వంగితే చాలు, కుర్చీలోంచి లేవడానికి 90 పైచిలుకు కావాలి, మోకరిల్లి మడమల మీద కూర్చోవాలన్నా గొంతుక్కూర్చోవాలన్నా 130 దాటాలి. మోకాలి మార్పిడి చేయించుకున్నవాళ్ళను డాక్టర్లు సాధారణంగా నేల మీద కూర్చోవద్దనేది ఇందుకే. సత్యనారాయణ వ్రతంలో పీటల బదులు పొట్టి స్టూళ్ళు, మసీదులో వెనక వరుసన ప్లాస్టిక్ కుర్చీలు, చర్చిలో అందరూ మోకరించినప్పుడు బల్ల మీదే తల వంచుకునే పెద్దలు ఇప్పుడు అన్ని ఊళ్ళలోనూ కనిపిస్తున్నారు.