దెబ్బకు సాక్షి ఉన్నాడు, కులానికి సాక్షి ఏడి?

ప్రొద్దుటూరు, జమ్మలమడుగు, పులివెందుల చుట్టుపట్ల పల్లెల్లో ఎవడికైనా దెబ్బ తగిలితే ముందు అడిగే మాట ఒకటే: "ఏ వర్గం?" వర్గమంటే ఇక్కడ ఫ్యాక్షను. కొట్టినవాడు ఒక రెడ్డి మనిషి, తిన్నవాడు ఇంకో రెడ్డి మనిషి అని తేలిందంటే ఊరికి నెమ్మది. ఇంక కులం మాట ఎవరూ ఎత్తరు. పొలం గట్టు, బోరు నీళ్ళు, ఓటు, పాత పగ - ప్రతి దెబ్బకూ కులం కాని కారణమొకటి సిద్ధంగా ఉంటుంది. కర్ర ఎత్తేటప్పుడు కులం పేరు పెట్టి తిట్టిన తిట్టు మాత్రం ఆ కారణాల కింద పూడిపోతుంది.

ఈ పూడ్చివేతకు చట్టంలోనూ ఒక చరిత్ర ఉంది. 1955లో అంటరానితనం నేరాల చట్టం వచ్చింది. 1976లో దాన్నే పౌరహక్కుల పరిరక్షణ చట్టంగా మార్చారు. దాని 12వ సెక్షను చెప్పేది ఇది: ఆ చట్టం కింద నేరమయ్యే పని ఒక దళితుడి పట్ల జరిగితే, అది అంటరానితనం వల్లే జరిగిందని కోర్టు ముందుగా భావించాలి. కాదని నిరూపించుకునే భారం నిందితుడిది. అయితే ఆ చట్టం చూసింది ముఖ్యంగా గుడినీ, బావినీ, హోటలునూ. గొడ్డళ్ళు పట్టుకుని పేట మీద పడితే అది చాలదని 1985 జూలై 17న కారంచేడు చూపించింది. ఆరుగురు మాదిగలను చంపారు.

ఆ తర్వాత 1989 అత్యాచారాల నిరోధక చట్టం వచ్చింది. 1990 జనవరి 30 నుంచి అమలయింది. పదేళ్ళు, ఆపైన శిక్ష పడే నేరాన్ని బాధితుడు ఎస్సీ, ఎస్టీ అయిన 'కారణంగా' చేస్తే యావజ్జీవమని అందులో రాశారు. పాత చట్టంలోని ఆ ముందస్తు భావన మాత్రం దీనికి పెట్టలేదు. దాంతో గాయాన్ని డాక్టరు చూపించగలడు, కర్రను పోలీసు చూపించగలడు, కొట్టినవాడి మనసులోని కారణాన్ని మాత్రం కొట్టించుకున్నవాడే చూపించాల్సి వచ్చింది.

ఇక మామూలు కొట్లాట అయితే పదేళ్ళ శిక్ష దాకా పోదు. అప్పుడు మిగిలేది నలుగురి కంటపడే చోట అవమానించారన్న సెక్షను. ఆ నలుగురూ ఎవరు? కొట్టినవాడి పొలంలో కూలికి పోయేవాళ్ళు, అతని బోరు నీళ్ళకు చెయ్యి చాచేవాళ్ళు. జిల్లా కేంద్రానికి పోయి, కూలి పోగొట్టుకుని, వాయిదా మీద వాయిదా తిరిగి, మళ్ళీ అదే ఊరికి రావాలి. సాక్షి 'నాకు వినపడలేదు' అంటే అది అబద్ధమే కావచ్చు, కానీ ఆ అబద్ధం వెనక అతని పొయ్యి ఉంది. 1991 ఆగస్టు 6న చుండూరులో ఎనిమిదిమంది దళితులను చంపిన కేసులో ప్రత్యేక కోర్టు 2007లో 21 మందికి యావజ్జీవం వేసింది. 2014లో హైకోర్టు అందరినీ వదిలేసింది. అంత పెద్ద ఉద్యమం కాపలా కాసిన కేసుకే ఆ గతి పడితే, పులివెందుల పక్క పల్లెలో ఒంటరిగా దెబ్బతిన్నవాడి సంగతి ఏమిటి?

2015 సవరణ ఈ బరువును కొంత దించింది. 2016 జనవరి 26 నుంచి 'కారణంగా' అన్న మాట పోయి, బాధితుడి కులం 'తెలిసి' చేస్తే చాలునని వచ్చింది. బాధితుడితోనో, అతని కుటుంబంతోనో నిందితుడికి పరిచయముంటే కులం తెలుసనే కోర్టు భావించాలి. మామూలు గాయాల సెక్షన్లు కూడా చట్టం జాబితాలో చేరాయి. రెడ్ల వీధి, మాలపల్లె, మాదిగవాడ, సాయిబుల వీధి అని పేర్లు పెట్టుకుని బతికే ఊళ్ళలో ఎవరి కులం ఎవరికి తెలియదు?

ఇదంతా వాళ్ళ కేసు, మాకెందుకు అనుకునే ముస్లింలు మాలో ఉన్నారు. వాళ్ళు రెండు సంగతులు గుర్తుంచుకోవాలి.

మొదటిది మాకు చేదుగా ఉంటుంది. ఈ చట్టం కింద నిందితుడు ఎస్సీ, ఎస్టీ కానివాడై ఉండాలి. ఆ 'కానివాళ్ళ'లో మేమూ ఉన్నాం. 'కారణంగా' అన్న మాటకు ఇరుకు అర్థం చెప్పినప్పుడు కోర్టులు తరచూ ఉదహరించే 2000 నాటి మహారాష్ట్ర కేసులో నిందితుడు ముస్లిం. మా పక్క కర్నూలు జిల్లాలో 2011లో చూపులేని దళిత యువతిపై అత్యాచారం చేసినవాడూ ముస్లిమే. 2021 ఏప్రిల్ 27న సుప్రీంకోర్టు అతని యావజ్జీవ శిక్షను నిలబెట్టింది. కులం, ఆడపుట్టుక, అంగవైకల్యం కలిసి మనిషిని ఎలా అణుస్తాయో జస్టిస్ చంద్రచూడ్ ఆ తీర్పులో వివరంగా రాశారు. రాసి కూడా, నేరం సవరణకు ముందుది కనుక, కులం తెలుసన్న సాక్ష్యం చాలదని అత్యాచారాల చట్టం కింద పడిన శిక్షను కొట్టేశారు. అల్లా ముందు అందరూ సమానమే అని చెప్పుకునే మేము దూదేకుల ఇంటికి పిల్లనివ్వడానికి వెనకాడుతున్నాం. మాలమాదిగల పేర్లను తిట్లుగా వాడే నాలుక మా ఇళ్ళలోనూ ఉంది. సాక్షిగా ఎక్కాల్సిన రోజున మౌనంగా ఇంటికొచ్చిన సాయిబులూ ఉన్నారు.

రెండోది మా మీద పడిన దెబ్బ. 1950 రాష్ట్రపతి ఉత్తర్వు షెడ్యూల్డు కులాన్ని హిందువులకే పరిమితం చేసింది. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. ముస్లింలూ క్రైస్తవులూ బయటే ఉన్నారు. ఆ మతపు గీత తీసేయమని 2007లో రంగనాథ్ మిశ్రా కమిషన్ చెప్పినా తీయలేదు. లండన్ మిషన్ ఆసుపత్రి కట్టిన జమ్మలమడుగు పల్లెల్లో మాలలెందరో చర్చికి పోతారు. పేరు మారినా వాడ మారలేదు, తిట్టు మారలేదు. అయినా మతం మారి పాస్టరయినవాడు ఈ చట్టాన్ని వాడుకోలేడని 2025లో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు తీర్పు చెప్పింది. పాకీపని చేసే ముస్లింను అంటరానివాడిగా చూసి కొట్టినా ఆ దెబ్బకు చట్టంలో కులం లేదు.

అంటే కొట్టినప్పుడు మాకు కులం ఉంది, కొట్టించుకున్నప్పుడు లేదు. ఈ రెండో అన్యాయం మీద గొంతెత్తే హక్కు మాకు రావాలంటే మొదటి నేరాన్ని ముందు ఒప్పుకోవాలి. మాదిగవాడలో దెబ్బ పడిన రోజున "ఏ వర్గం?" అని అడగడం మేము మానేయాలి. విన్న తిట్టును విన్నట్టు స్టేషనులో రాయించాలి, కోర్టులో బోనెక్కి చెప్పాలి. కులానికి సాక్షి ఏడని చట్టం అడుగుతోంది. ఆ సాక్షి మా వీధిలోనే ఉన్నాడు.