షర్మిలా టాగూర్

షర్మిలా టాగూర్ (జననం: 1944 డిసెంబరు 8) ప్రముఖ భారతీయ సినీ నటి. బెంగాలీ, హిందీ చిత్రాలలో నటించి రెండు పర్యాయాలు జాతీయ చలనచిత్ర పురస్కారం పొందింది. ఈమె భర్త భారత క్రికెట్ జట్టు మాజీ నాయకుడు మన్సూర్ అలీఖాన్ పటౌడీ. పెళ్ళయిన నటికి కథానాయిక పాత్రలు దక్కవని సినీరంగం భావించిన కాలంలో, ఈమెకు అధిక కీర్తి తెచ్చిన పాత్రలలో పలు పాత్రలు వివాహానంతరం వచ్చినవే కావడం విశేషం.

తొలి చిత్రాలు

షర్మిల బెంగాలులోని ప్రసిద్ధ టాగూర్ వంశానికి చెందినది. పాఠశాలలో చదువుతుండగానే సత్యజిత్ రాయ్ ఈమెను అపుర్ సంసార్ (1959) చిత్రంలో అపర్ణ పాత్రకు ఎంపిక చేశాడు. మరుసటి సంవత్సరం వచ్చిన దేవిలో, మామగారు దేవతగా భావించి పూజించే కోడలిగా నటించింది. శక్తి సామంత దర్శకత్వం వహించిన కాశ్మీర్ కీ కలీ (1964)తో హిందీలో ప్రవేశించింది. 1966లో అనుపమ, రాయ్ తీసిన నాయక్ చిత్రాలలో నటించింది. అదే సంవత్సరం ఒక సినిమా పత్రిక ముఖచిత్రానికి ఈత దుస్తులలో కనిపించడం దేశమంతటా చర్చకు దారితీసింది.

వివాహం

1968 డిసెంబరు 27న షర్మిల, పటౌడీల వివాహం జరిగింది. వధువు బెంగాలీ హిందూ కుటుంబానికి, వరుడు ముస్లిం నవాబు వంశానికి చెందినవారు. వివాహ సందర్భంగా ఈమె ఇస్లాం స్వీకరించి ఆయేషా అనే పేరు పొందినా, తెరపై పాత పేరునే కొనసాగించింది.

పటౌడీ 1961లో కారు ప్రమాదంలో కుడికంటి చూపు కోల్పోయాడు. అయినప్పటికీ 1962లో 21 ఏళ్ళ వయసులో భారత జట్టు నాయకుడయ్యాడు. 46 టెస్టులు ఆడి, వాటిలో 40 టెస్టులకు నాయకత్వం వహించాడు. 1968లో న్యూజీలాండ్‌పై భారత్ విదేశీ గడ్డమీద తొలి టెస్టు సిరీస్ గెలిచింది ఇతని నాయకత్వంలోనే. రంజీ పోటీలలో హైదరాబాదు జట్టు తరఫున ఎం.ఎల్.జయసింహ నాయకత్వంలో ఆడాడు.

ఈ దంపతులకు ముగ్గురు సంతానం: సైఫ్ అలీఖాన్, సబా, సోహా. వీరిలో సైఫ్, సోహా సినీ నటులు. పటౌడీ 2011 సెప్టెంబరు 22న ఢిల్లీలో మరణించాడు.

వివాహానంతర నటజీవితం

వివాహమైన మరుసటి ఏడాది విడుదలైన ఆరాధన (1969) ఘనవిజయం సాధించింది. అందులో ప్రియురాలిగా, తరువాత వయసు మళ్ళిన తల్లిగా నటించి ఫిలింఫేర్ ఉత్తమ నటి పురస్కారం పొందింది. ఈ కథనే తెలుగులో శోభన్ బాబు, వాణిశ్రీలతో కన్నవారి కలలు (1974) పేరిట నిర్మించారు. సైఫ్ 1970లో జన్మించిన తరువాత అమర్ ప్రేమ్ (1972), దాగ్ (1973), చుప్కే చుప్కే (1975) వంటి చిత్రాలు వచ్చాయి. గుల్జార్ దర్శకత్వం వహించిన మౌసమ్ (1975)లో తల్లీకూతుళ్ళుగా ద్విపాత్రాభినయం చేసింది. చాలాకాలం విరామం తరువాత గుల్‌మొహర్ (2023) హిందీ చిత్రంలో నటించింది.

ఇతర బాధ్యతలు

2004 నుండి 2011 వరకు కేంద్ర చలనచిత్ర ధ్రువీకరణ మండలి అధ్యక్షురాలిగా పనిచేసింది. 2005లో యునిసెఫ్ సౌహార్ద రాయబారిగా నియమితురాలయింది. 2009లో కాన్ చలనచిత్రోత్సవ న్యాయనిర్ణేతలలో ఒకరు.

పురస్కారాలు

* ఫిలింఫేర్ ఉత్తమ నటి – ఆరాధన
* జాతీయ ఉత్తమ నటి – మౌసమ్
* జాతీయ ఉత్తమ సహాయ నటి – అబార్ అరణ్యే (2003)
* పద్మభూషణ్ – 2013