జీవనానుకరణ వీడియో ఆటలలో పెంపుడు ప్రాణుల స్వతంత్ర ప్రవర్తన: చారిత్రక పరిశీలన (1985–2017)

వ్యాససంగ్రహం

జీవనానుకరణ వీడియో ఆటలలోని పెంపుడు ప్రాణులు ఆడేవారి ఆదేశం లేకుండానే తింటాయి, తిరుగుతాయి, అల్లరి చేస్తాయి, ఒక్కోసారి చెప్పిన మాట వినవు. ఈ స్వతంత్ర ప్రవర్తన సాంకేతికత పెరిగిన కొద్దీ తనంతట తాను పెరుగుతూ వచ్చిందని సాధారణంగా భావిస్తారు. 1985 నుండి 2017 వరకు వెలువడిన ప్రధానమైన ఆటలను కాలక్రమంలో పరిశీలించి, ఈ భావన సరికాదని నిరూపించడం ఈ వ్యాస లక్ష్యం. ఆటలోని ప్రాణి స్వాతంత్ర్యం యంత్రశక్తి కంటే ఎక్కువగా, ఆడేవారి చేతిలో ఎంత అధికారం ఉంచాలనే రూపకర్తల నిర్ణయంపై ఆధారపడిందని ఈ పరిశీలన తెలుపుతుంది.

కీలకపదాలు: జీవనానుకరణ, పెంపుడు ప్రాణి, స్వతంత్ర ప్రవర్తన, నిరాకరణ, తమగోచ్చి, క్రియేచర్స్, ది సిమ్స్.

1. ఉపోద్ఘాతం

తెలుగులో ‘పెంపుడు’ అనే విశేషణం కుక్క, పిల్లి, చిలుకలకే పరిమితం కాదు. ‘పెంపుడు కొడుకు’ అన్నప్పుడు పెరిగినవాడిని, ‘పెంపుడు తల్లి’ అన్నప్పుడు పెంచిన ఆమెను ఇదే పదం సూచిస్తుంది. అంటే ఈ మాట ఒకరికి మరొకరిపై గల హక్కును చెప్పదు. ఇద్దరి మధ్య ఏర్పడిన సంబంధాన్ని చెబుతుంది. కంప్యూటర్ తెరపై పెరిగే ప్రాణుల చరిత్రలో పదేపదే ఎదురయ్యే సమస్య కూడా ఇదే. తెరపై ఉన్నది ఆడేవారి వస్తువా, లేక ఆడేవారితో సంబంధం గల మరొక జీవా?

ఈ ప్రశ్నకు సమాధానం వెదకడానికి ‘స్వతంత్ర ప్రవర్తన’ అనే మాటను ముందుగా నిర్వచించుకోవాలి. ఈ వ్యాసంలో దానిని మూడు ప్రశ్నలతో కొలవడం జరిగింది. మొదటిది, పనిని ప్రాణి తానే ఆరంభించగలదా? రెండవది, చెప్పిన పనిని నిరాకరించగలదా? మూడవది, గడిచిన అనుభవం దాని తర్వాతి ప్రవర్తనను మారుస్తుందా? ఈ మూడింటిలో ఏది ఏ ఆటలో ఎంత మేరకు ఉందో చూస్తే చరిత్ర గమనం స్పష్టమవుతుంది.

2. ఆరంభదశ: ఇంటిలోని మనిషి, కుక్క

1985లో యాక్టివిజన్ సంస్థ విడుదల చేసిన ‘లిటిల్ కంప్యూటర్ పీపుల్’ ఈ చరిత్రలో ముఖ్యమైన ఆరంభం. రిచ్ గోల్డ్ ఆలోచనకు డేవిడ్ క్రేన్ ఆట రూపం ఇచ్చాడు. తెరపై మూడంతస్తుల ఇల్లు ఉంటుంది. అందులో ఒక మనిషి తన కుక్కతో కలిసి నివసిస్తాడు. ఆటలో గెలుపు ఓటములు లేవు. అతడు తనంతట తాను నిద్రలేస్తాడు, వండుకుంటాడు, పియానో వాయిస్తాడు. ఆడేవారు అతడికి నీరు, ఆహారం, కుక్కకు తిండి అందించాలి.

ఈ ఆటలో ఆడేవారు కీబోర్డు ద్వారా తమ కోరికను తెలపవచ్చు. కాని దానిని మన్నించడం, మన్నించకపోవడం ఆ మనిషి ఇష్టం. కోరికకు ‘దయచేసి’ అనే మాటను చేరిస్తే వినే అవకాశం ఎక్కువ. వ్యాకరణ పరిభాషలో చెప్పాలంటే, ఇక్కడ ఆడేవారికి అందుబాటులో ఉన్నది విధ్యర్థక వాక్యం కాదు, ప్రార్థనార్థక వాక్యం. ఆజ్ఞకు, ప్రార్థనకు గల ఈ భేదమే తరువాతి మూడు దశాబ్దాల చరిత్రకు ఇరుసు. నిరాకరించే శక్తి అతి పరిమితమైన జ్ఞాపకశక్తి గల కమడోర్ 64 యంత్రంలోనే సాధ్యమైందన్న విషయం గమనార్హం.

3. పిలిచే ప్రాణి: తమగోచ్చి, డాగ్జ్

1995లో పి.ఎఫ్.మ్యాజిక్ సంస్థ ‘డాగ్జ్’ను, మరుసటి ఏడు ‘క్యాట్జ్’ను విడుదల చేసింది. ఈ కుక్కపిల్లలు, పిల్లులు కంప్యూటర్ తెరపై తెరచి ఉన్న ఇతర పనుల మధ్యకు వచ్చి తిరుగుతాయి. మౌస్‌తో నిమరడం, తినుబండారం ఇవ్వడం మెచ్చుకోలు. నీళ్లు చిలకరించడం మందలింపు. ఈ ప్రాణుల రూపకల్పనలో పాల్గొన్న ఆండ్రూ స్టెర్న్ ఆ తర్వాత మైఖేల్ మటేయస్‌తో కలిసి 2005లో ‘ఫసాడ్’ అనే సంభాషణాత్మక నాటకాన్ని రూపొందించాడు. పెంపుడు ప్రాణుల ప్రవర్తనపై జరిగిన కృషి కథాపాత్రల నిర్మాణానికి దారి తీసిన వైనానికి ఇది నిదర్శనం.

1996 నవంబర్ 23న జపాన్‌లో బండాయ్ సంస్థ విడుదల చేసిన ‘తమగోచ్చి’ గుడ్డు ఆకారంలో, మూడు మీటలతో, అరచేతిలో ఇమిడే పరికరం. విజ్ సంస్థకు చెందిన అకిహిరో యోకోయి, బండాయ్‌కి చెందిన అకి మైతా దీని సృష్టికర్తలు. వీరిద్దరికీ 1997లో అర్థశాస్త్ర విభాగంలో ఇగ్‌నోబెల్ బహుమతి లభించింది. లక్షలాది పనిగంటలను లేని ప్రాణుల పెంపకానికి మళ్లించారన్నది అందుకు చూపిన హాస్యపూర్వక కారణం.

తమగోచ్చికి అంతర్గత జీవితం చాలా స్వల్పం. ఆకలి, ఆనందం, క్రమశిక్షణ అనే కొలతలు కాలం గడిచేకొద్దీ మారుతుంటాయి. అయినా దానిలో రెండు ముఖ్యమైన లక్షణాలున్నాయి. ఒకటి, అదే ఆడేవారిని పిలుస్తుంది. ఆట ఎప్పుడు మొదలుకావాలో నిర్ణయించే అధికారం మనిషి నుండి ప్రాణికి మారింది. రెండు, ఏ అవసరమూ లేకుండానే అది కొన్నిసార్లు పిలుస్తుంది; కడుపు నిండి ఉంటే పెట్టిన తిండిని తిరస్కరిస్తుంది. అకారణంగా పిలిచినప్పుడు మందలిస్తే క్రమశిక్షణ కొలత పెరుగుతుంది. అంటే ప్రాణి స్వతంత్రత ఈ ఆటలో ‘అల్లరి’ రూపంలో ప్రవేశించింది. ప్రవేశించిన వెంటనే దానిని అణచడం పెంపకంలో భాగమైంది. నిర్లక్ష్యం చేస్తే ప్రాణి మరణిస్తుంది. జపాన్ పరికరంలో సమాధి పక్కన ఆత్మ కనిపిస్తే, అమెరికాకు పంపిన పరికరంలో దేవదూత రూపం కనిపించేది. మరణాన్ని సున్నితంగా చూపడానికి రూపం మారినా, పెంచేవారి బాధ్యత మాత్రం మారలేదు.

4. నేర్చుకునే ప్రాణి: క్రియేచర్స్, బ్లాక్ అండ్ వైట్

తమగోచ్చి విడుదలైన 1996లోనే బ్రిటన్‌లో స్టీవ్ గ్రాండ్ రూపొందించిన ‘క్రియేచర్స్’ వెలువడింది. ఒకే ఏడాదిలో వచ్చిన ఈ రెండు ఆటలు పరస్పరం విరుద్ధమైన మార్గాలను అనుసరించాయి. తమగోచ్చి బయటకు ఎక్కువగా అడిగి లోపల తక్కువగా జీవిస్తుంది. క్రియేచర్స్‌లోని ‘నోర్న్’ అనే ప్రాణి బయటకు తక్కువగా అడిగి లోపల ఎక్కువగా జీవిస్తుంది.

నోర్న్ మెదడులో సుమారు 1,000 కృత్రిమ నాడీకణాలు, వాటి మధ్య సుమారు 5,000 అనుసంధానాలు ఉంటాయి. దానికి తోడు కృత్రిమ జీవరసాయన వ్యవస్థ, తల్లిదండ్రుల నుండి సంక్రమించే జన్యువులు ఉంటాయి. ఆకలి, భయం, ఒంటరితనం వంటి స్థితులు రసాయనాల హెచ్చుతగ్గులుగా నమోదవుతాయి. ఒక పని వలన బాధ తగ్గితే ఆ పనికి సంబంధించిన అనుసంధానాలు బలపడతాయి. ఆడేవారు నోర్న్‌కు మాటలు నేర్పవచ్చు, చక్కిలిగిలి పెట్టి మెచ్చుకోవచ్చు, దెబ్బ వేసి మందలించవచ్చు. కాని దాని అవయవాలను తామే కదిలించలేరు. సంతానంలో జన్యువుల కలయిక, ఆకస్మిక మార్పులు జరుగుతాయి కనుక, కొన్ని తరాల తర్వాత పుట్టే నోర్న్ ఎలా ప్రవర్తిస్తుందో రూపకర్త కూడా ముందుగా చెప్పలేడు.

2001లో లయన్‌హెడ్ సంస్థ నుండి పీటర్ మోలినో నాయకత్వంలో వచ్చిన ‘బ్లాక్ అండ్ వైట్’ ఇదే మార్గాన్ని మరొక దిశలో కొనసాగించింది. ఆడేవారు అందులో దేవుడి స్థానంలో ఉంటారు. వారు పెంచే మహాజంతువు వారిని చూసి నేర్చుకుంటుంది. నిమిరితే చేసిన పనిని మళ్లీ చేస్తుంది, కొడితే మానుకుంటుంది. ఈ అభ్యసన వ్యవస్థను రూపొందించిన రిచర్డ్ ఎవాన్స్ తరువాత ‘ది సిమ్స్ 3’ కృత్రిమ మేధపై పనిచేశాడు. ఇక్కడ గమనించవలసిన అంశం ఒకటి ఉంది. దేవుడి స్థానంలో ఉన్నవారికి కూడా తమ జంతువు మీద సంపూర్ణాధికారం లేదు. అది తప్పు చేస్తే, ఆ తప్పులో దానిని పెంచిన తీరు కూడా కనిపిస్తుంది.

5. వస్తువులలో నిలిచిన బుద్ధి: ది సిమ్స్

విల్ రైట్ రూపకల్పనలో మాక్సిస్ సంస్థ 2000 ఫిబ్రవరిలో విడుదల చేసిన ‘ది సిమ్స్’ మూడవ మార్గాన్ని చూపింది. ఇందులోని మనుషులకు ఆకలి, నిద్ర, పరిశుభ్రత, వినోదం, సాంగత్యం వంటి ఎనిమిది అవసరాలు ఉంటాయి. అయితే ఆ అవసరాలను ఎలా తీర్చుకోవాలన్న జ్ఞానం పాత్రలలో కాక వస్తువులలో ఉంటుంది. ఫ్రిజ్ తాను ఆకలి తీర్చగలనని, మంచం అలసట తీర్చగలనని చుట్టూ ఉన్న పాత్రలకు ‘ప్రకటించుకుంటాయి’. పాత్ర తన అవసరాల తీవ్రతను, వస్తువు దూరాన్ని బట్టి ఈ ప్రకటనలకు విలువ కడుతుంది. ప్రతిసారీ అత్యధిక విలువ గలదానినే ఎంచుకుంటే ప్రవర్తన మరబొమ్మలా కనిపిస్తుంది కనుక, పై వరుసలో ఉన్న కొన్నింటిలో ఒకదానిని యాదృచ్ఛికంగా ఎంచుకునే ఏర్పాటు చేశారు. పాత్రలు తమంతట తాము ప్రవర్తించే ఈ వెసులుబాటును ఆడేవారు కావాలంటే ఉంచవచ్చు, వద్దంటే తొలగించవచ్చు. దాని పేరు ‘ఫ్రీ విల్’. స్వేచ్ఛాసంకల్పం అమరికల పట్టికలో ఒక మీటగా మారడం ఈ చరిత్రలో ఒక మలుపు.

6. అధికారం చేతులు మారిన క్రమం (2002–2017)

ది సిమ్స్ పరంపరలో పెంపుడు ప్రాణుల స్థానం నాలుగు తరాలలో నాలుగు విధాలుగా మారింది. 2002లో వచ్చిన ‘అన్‌లీష్డ్’ అనుబంధంలో కుక్కలు, పిల్లులు కుటుంబ సభ్యులుగా చేరాయి. కాని మనుషుల వలె వాటిని నేరుగా నడిపించే వీలు లేదు.

2006లో వచ్చిన ‘ది సిమ్స్ 2: పెట్స్’ కంప్యూటర్ రూపంలోనూ నేరుగా నడిపించే వీలు లేదు. అయితే ప్రాణి ఏదైనా పని చేసినప్పుడు యజమాని మెచ్చుకుంటే ఆ అలవాటు స్థిరపడుతుంది, మందలిస్తే తగ్గుతుంది. ప్రాణి స్వభావాన్ని నిర్ణయించే గుణాలలో ‘స్వతంత్రం – స్నేహశీలం’ అనే జంట కూడా ఒకటి. స్వతంత్రత ప్రాణి మౌలిక స్థితిగా కాక, స్నేహశీలతకు ఎదురుగా నిలిచే ఒక గుణంగా ఇక్కడ వర్గీకరణకు లోనైంది.

2011లో వచ్చిన ‘ది సిమ్స్ 3: పెట్స్’ ఈ సంప్రదాయాన్ని పూర్తిగా తలకిందులు చేసింది. కుక్కలు, పిల్లులతో పాటు గుర్రాలు కూడా చేరాయి. వాటి అవసరాలన్నీ తెరపై కనిపిస్తాయి. పిల్లికి గోకాలనే కోరిక, కుక్కకు కొరికి పాడుచేయాలనే కోరిక, గుర్రానికి దాహం వంటి జాతికి తగిన అవసరాలను కూడా చేర్చారు. అన్నిటికీ మించి, ఆడేవారు వాటిని నేరుగా నడిపించవచ్చు. ప్రాణి అంతరంగ చిత్రణ మరింత విస్తృతమైన సందర్భంలోనే దాని నిరాకరణ శక్తి బాగా కుంచించుకుపోయింది. ఆదేశం లేని వేళలలో ప్రాణి తన ఇష్టప్రకారం తిరుగుతుంది. ఆదేశం రాగానే ఆడేవారే ఆ ప్రాణి అవుతారు. స్వతంత్రత హక్కు స్థానం నుండి తీరిక స్థానానికి జారింది.

2017 నవంబర్ 10న వెలువడిన ‘ది సిమ్స్ 4: క్యాట్స్ అండ్ డాగ్స్’ మళ్లీ వెనుకకు మళ్లింది. నేరుగా నడిపించే వీలును తొలగించడమే కాక అవసరాల కొలతలను కూడా దాచివేసింది. ప్రాణి తలపై కనిపించే ఆలోచనల బుడగలను, దాని నడకను, అరుపును గమనించి ఏమి కావాలో ఊహించుకోవాలి. జబ్బు చేసిందనిపిస్తే పశువైద్యుని వద్దకు తీసుకువెళ్లాలి.

7. దాచడం, స్వాతంత్ర్యం: ఒక వివేచన

2017 నాటి మార్పును బట్టి, అంతరంగం కనిపించకపోవడమే స్వతంత్రతకు ఆధారమని వాదించవచ్చు. నిజజీవితంలో కూడా పశువు మనసు మనిషికి నేరుగా తెలియదు కనుక ఈ వాదం సహజంగానే తోస్తుంది. అయితే క్రియేచర్స్‌తో పోల్చి చూస్తే ఇది నిలవదు. నోర్న్ శరీరంలోని రసాయనాలను పరిశీలించే సాధనాలు ఆడేవారికి అందుబాటులో ఉండేవి. లోపల ఏముందో కళ్లెదుట కనిపించినా నోర్న్ తన పని తాను చేసేది. కనుక తెలియడం వేరు, ఏలడం వేరు. కొలతను దాచినంత మాత్రాన ప్రాణి స్వతంత్రం కాదు. కొలత కనిపించినంత మాత్రాన అస్వతంత్రమూ కాదు. తెలిసిన తర్వాత కూడా దాని సమ్మతి కోసం వేచి ఉండవలసి రావడమే అసలైన భేదకం.

దీనికి భిన్నమైన ఆక్షేపణ ఒకటి ఉంది. ఈ ప్రాణుల నిరాకరణ కూడా ఎవరో రాసిన నియమావళి ఫలితమే కదా, దానిని స్వతంత్రత అనడం ఎంతవరకు సబబు? ఈ ఆక్షేపణలో సత్యం లేకపోలేదు. అయితే ఇక్కడ ‘స్వతంత్రం’ అన్నది తాత్త్వికార్థంలో కాదు, ఆడేవారికి సాపేక్షంగా మాత్రమే. నియమం రూపకర్తది కావచ్చు. కాని దాని ముందు ఆగి, ఆలోచించి, తమ ప్రవర్తనను మార్చుకోవలసినది ఆడేవారు. ప్రాణికి చైతన్యం ఉందా లేదా అన్న ప్రశ్నతో నిమిత్తం లేకుండానే మనిషిలో ఈ మార్పు జరుగుతుంది. తమను పోషించమని అడిగే యంత్రాలతో మనుషులు సులభంగా మమకారం పెంచుకుంటారని షెర్రీ టర్కిల్ 2011 నాటి ‘అలోన్ టుగెదర్’ గ్రంథంలో చేసిన విశ్లేషణ ఈ కోణాన్నే బలపరుస్తుంది. మమకారం అంత సులభంగా కలుగుతుంది కనుకనే, ఆ మమకారం ఏ స్వభావం గలదో నిర్ణయించే రూపకర్తల బాధ్యత పెద్దది.

8. ముగింపు

పై పరిశీలన వలన మూడు విషయాలు తేటతెల్లమవుతాయి.

ఒకటి, 1985 నాటి చిన్న యంత్రంలోనే నిరాకరణ ఉంది. 2011 నాటి శక్తిమంతమైన యంత్రంలో అది తగ్గింది. కనుక ఈ చరిత్రను ఏకముఖమైన పురోగతిగా చెప్పలేము.

రెండు, స్వతంత్ర ప్రవర్తనను సాధించిన మార్గాలు భిన్నమైనవి. తమగోచ్చి పిలుపు ద్వారా, క్రియేచర్స్ అభ్యసనం ద్వారా, ది సిమ్స్ పరిసరాల ద్వారా దానిని సాధించాయి.

మూడు, ఈ మార్గాలన్నిటిలోనూ నిర్ణాయకమైనది ఆడేవారి వాక్యం ఆజ్ఞగా ఉందా, ప్రార్థనగా ఉందా అన్నదే.

‘పెంపుడు’ అనే తెలుగు మాట పెంచేవారికీ పెరిగేవారికీ సమానంగా వర్తిస్తుంది. తెరపై ప్రాణి ‘కాదు’ అనగలిగిన ఆటలలో ఆడేవారు కూడా కొంత మారుతారు: ఓర్పు నేర్చుకుంటారు, సంకేతాలు గమనిస్తారు, తమ మందలింపు ఫలితాన్ని తామే చూస్తారు. అది ‘కాదు’ అనలేని ఆటలలో మారేది ప్రాణి ఒక్కటే. మనిషి మాటకు తలొగ్గే కృత్రిమ సహచరులు ఆటలను దాటి ఇళ్లలోకి ప్రవేశిస్తున్న కాలంలో, ఈ భేదాన్ని గుర్తించడం ఆటల చరిత్రకు మాత్రమే పరిమితమైన అవసరం కాదు.